చరిత్రను వాదనగా చూపించిన శ్యామ్ బెనెగల్

దూరదర్శన్‌లో 1988లో మొదలైన 'భారత్ ఏక్ ఖోజ్' సీరియల్‌కు టైటిల్ పాట ఋగ్వేదంలోని నాసదీయ సూక్తం. సృష్టికి ముందు ఉన్నదంటూ లేదు, లేనిదంటూ లేదు అని మొదలవుతుంది. ఇదంతా ఎక్కడి నుంచి వచ్చిందో పైనుంచి చూసేవాడికి తెలుసేమో, బహుశా అతనికీ తెలియదేమో అన్న అనుమానంతో ముగుస్తుంది. వసంత్ దేవ్ హిందీలోకి తెచ్చిన ఆ మాటలకు వనరాజ్ భాటియా బాణీ కట్టారు. వేల ఏళ్ల దేశ చరిత్ర చెప్పడానికి సిద్ధమైన దర్శకుడు అనుమానంతో మొదలుపెట్టడంలో ఆయన పద్ధతంతా ఉంది. చరిత్ర జోలికి వెళ్లిన ప్రతిసారీ శ్యామ్ బెనెగల్ ముందు వెతుక్కున్నది ఒక వాదన. ఎవరు ఎవరితో విభేదించారు, ఎందుకు, చివరికి ఆ ఖర్చు ఎవరి మీద పడింది? అది దొరికిన చోట సినిమా నిలబడింది. దొరకని చోట ఎంత శ్రద్ధగా తీసినా చప్పబడింది.

ఆ సీరియల్ వచ్చిన సమయం కూడా చూడాలి. రామాయణం ధారావాహిక 1988 జూలైలో ముగిసింది. అక్టోబర్‌లో మహాభారతం మొదలైంది. ఆదివారం ఉదయం వీధులు ఖాళీ అయ్యేవి, టీవీ ముందు కొబ్బరికాయలు కొట్టి హారతులిచ్చేవాళ్లు. అదే దూరదర్శన్‌లో, అదే కాలంలో, బెనెగల్ 53 ఎపిసోడ్ల చరిత్ర నడిపారు. అందులోనూ రామాయణ, మహాభారతాలు ఉన్నాయి. కానీ ఆయన మహాభారతం తీజన్ బాయి పాండవానీ గానంతో, అంటే పాండవుల కథను పాడుతూ ఆడుతూ చెప్పే జానపద కళతో వచ్చింది. తంబూరా చేతపట్టి, కాసేపు భీముడై, కాసేపు దుశ్శాసనుడై ఆమె కథ చెబుతుంటే, ఇది తరతరాలుగా జనం నోట నిలిచిన కథ అన్న సంగతి ప్రేక్షకుడు మరిచిపోడు. దేవుడు కిరీటంతో నేరుగా ఎదుట నిలబడటానికీ, ఒక ఛత్తీస్‌గఢ్ కళాకారిణి ఆ కథను తన గొంతులోకి తెచ్చుకోవడానికీ చాలా తేడా ఉంది. మొదటిది భక్తి కోరుతుంది. రెండోది వినమంటుంది, పోల్చుకోమంటుంది.

సీరియల్‌కు ఆధారం నెహ్రూ 'ద డిస్కవరీ ఆఫ్ ఇండియా'. క్విట్ ఇండియా తర్వాత అహ్మద్‌నగర్ కోటలో ఖైదీగా ఉన్నప్పుడు, 1944లో ఏప్రిల్ నుంచి సెప్టెంబర్ లోపు ఆయన రాసిన పుస్తకం అది. ఆ కోటలో ఆజాద్, పటేల్, నరేంద్ర దేవ్ లాంటివారు సహచరులు. మన పట్టాభి సీతారామయ్య కూడా అక్కడే ఖైదులో ఉండి డైరీ రాసుకున్నారు. ఇంతమంది పండితులతో రోజూ చర్చిస్తూ రాసిన పుస్తకం కాబట్టి, అందులో పాఠం చెప్పే ధోరణి కంటే తనలో తాను మాట్లాడుకునే ధోరణి ఎక్కువ.

దీన్ని తెర మీదకు తేవడానికి బెనెగల్ ఎంచుకున్న నిర్మాణం తెలివైనది. రోషన్ సేఠ్ నెహ్రూగా వచ్చి తన అభిప్రాయం చెబుతారు. ఓం పురి గొంతు వ్యాఖ్యాతగా దానికి ముందూ వెనకా సమాచారం చేరుస్తుంది. ఆ తర్వాత నటులు ఘట్టాన్ని ఆడి చూపిస్తారు. మూడు పొరలు, మూడు గొంతులు. నెహ్రూ చెప్పినదే చివరి మాట కానక్కర్లేదని ఈ పొరలే చెబుతాయి. నెహ్రూ పుస్తకంలో పెద్దగా చోటు దక్కని కుల వ్యతిరేక సంస్కర్త జ్యోతిరావ్ ఫూలేకు సీరియల్‌లో ప్రత్యేకంగా చోటు ఇచ్చారు. తన మూల గ్రంథంతోనే వాదించిన అనుసరణ ఇది. నెహ్రూ శతజయంతి సంవత్సరంలో, ప్రభుత్వ టీవీలో, ఆయన పుస్తకం మీదే ఈ పని చేయడం చిన్న విషయం కాదు.

దీని తయారీలో ఇంకో విశేషం నటీనటుల బృందం. వందల పాత్రలు కావాలి, డబ్బు మాత్రం దూరదర్శన్ ఇచ్చినంతే. అందుకని కొద్దిమంది నటులే మళ్లీ మళ్లీ వేర్వేరు వేషాల్లో కనిపిస్తారు. వ్యాఖ్యాత ఓం పురియే ఒక ఎపిసోడ్‌లో ఔరంగజేబు, ఇంకో దానిలో అల్లావుద్దీన్ ఖిల్జీ. నసీరుద్దీన్ షా శివాజీ. నిన్నటి నాయకుడు ఇవాళ ప్రతినాయకుడిగా వస్తుంటే ఏ వంశం మీదా, ఏ మతం మీదా పగ పెంచుకోవడానికి ప్రేక్షకుడికి వీలు చిక్కదు. ఇది పొదుపు కోసం వచ్చిన ఏర్పాటే కావచ్చు, ఫలితం మాత్రం పొదుపును దాటిపోయింది. ఇప్పటి చారిత్రక సినిమాల్లో ఒక పక్షానికి వెలుగు, ఎదుటి పక్షానికి కాటుక, పచ్చి మాంసం కేటాయిస్తున్న తీరుతో పోలిస్తే ఈ మాట మరీ గట్టిగా చెప్పాలి.

లోపాలు లేవని కాదు. సెట్లు చాలాచోట్ల నాటకం స్టేజీలా ఉంటాయి. యుద్ధాలు పది పదిహేను మందితో సరిపెట్టుకుంటాయి. దక్షిణాదికి చోళులు, తమిళ కావ్యం శిలప్పదికారం, విజయనగరం ఉన్నాయి కానీ, మొత్తం మీద చూపు గంగా మైదానం వైపే ఎక్కువ. శాతవాహనులు, కాకతీయుల కోసం వెతుక్కునే తెలుగు ప్రేక్షకుడికి దక్కేది ప్రధానంగా విజయనగరమే. ఇది నెహ్రూ పుస్తకం నుంచే వచ్చిన వంపు. ఫూలే దగ్గర మూలాన్ని దాటిన బెనెగల్ ఇక్కడ దాటలేదు.

ఈ వాదించే స్వభావం ఆయనకు ఎక్కడి నుంచి వచ్చిందో అడిగితే సికింద్రాబాద్ వైపు చూడాలి. బెనెగల్ 1934 డిసెంబర్ 14న తిరుమలగిరిలో పుట్టారు. ఇంట్లో కొంకణి, తండ్రి ఫొటోగ్రాఫర్. నాన్న కెమెరాతో పన్నెండేళ్లకే ఒక చిన్న సినిమా తీశారు. నిజాం కాలేజీలో చదివి, ఉస్మానియాలో అర్థశాస్త్రం ఎంఏ చేశారు, ఆ రోజుల్లోనే హైదరాబాద్ ఫిల్మ్ సొసైటీ పెట్టారు. కుర్రతనమంతా ఆయన చుట్టూ చరిత్ర మలుపు తిరుగుతూనే ఉంది. తెలంగాణ సాయుధ పోరాటం మొదలైనప్పుడు ఆయన బడిపిల్లవాడు. 1948 సెప్టెంబర్‌లో పోలీస్ చర్య జరిగినప్పుడు పదమూడేళ్లు. దేశానికి స్వాతంత్ర్యం వచ్చిన రోజుకూ, తన ఊరికి వచ్చిన రోజుకూ మధ్య పదమూడు నెలల తేడా చూసినవాడికి, దేశచరిత్ర అందరికీ ఒకేలా, ఒకేసారి జరగదన్నది పుస్తకం చెప్పాల్సిన సంగతి కాదు.

అందుకే ఆయన చరిత్ర సినిమాల లెక్క 'భారత్ ఏక్ ఖోజ్'తో మొదలుపెట్టకూడదు. బొంబాయిలో ప్రకటన చిత్రాలు తీస్తూ చాలా ఏళ్లు దాచుకున్న కథ 1974లో 'అంకుర్' అయింది. హైదరాబాద్ చుట్టుపక్కల తీశారు, పాత్రలు మాట్లాడేది దక్కనీ యాసతో కూడిన హిందీ. కల్లు దొంగిలించాడని కిష్టయ్యకు గుండు కొట్టించి గాడిద మీద ఊరేగిస్తారు. దొర కొడుకు అతని భార్య లక్ష్మిని చేరదీసి, కడుపు వచ్చాక మొహం చాటేస్తాడు. చివర్లో ఒక పిల్లవాడు దొర ఇంటి అద్దం మీదకు రాయి విసురుతాడు. మరుసటి ఏడాది వచ్చిన 'నిశాంత్' నేరుగా 1945 నాటి కథ, విజయ్ తెండూల్కర్ రాశారు. స్కూలు మాస్టారి భార్యను గడీ వాళ్లు ఎత్తుకుపోతారు. పోలీసూ, కలెక్టరూ ఎవరూ పట్టించుకోరు. చివరికి ఊరు తిరగబడుతుంది.

ఆ తిరుగుబాటును బెనెగల్ తీసిన తీరే ఇక్కడ ముఖ్యం. జనం దొరలను చంపడంతో ఆగరు. గడీలో ఏ పాపమూ ఎరగని చిన్న కోడలు కూడా పోతుంది. ఏ ఆడమనిషి కోసం మాస్టారు ఊరిని లేపాడో ఆమె కూడా బతకదు. వెట్టిని, దొరతనాన్ని ఇంత కోపంగా చూపించిన సినిమా, తిరుగుబాటుకు హారతి పట్టకుండా దాని మూల్యాన్ని కూడా లెక్కగట్టింది. దొరల పక్షాన ఒక్క మాట కూడా మాట్లాడకుండా ఇది చేయడం కష్టం. తెలంగాణ పోరాటం మీద తర్వాత వచ్చిన చాలా సినిమాలు ఈ కష్టం జోలికి వెళ్లలేదు.

ఈ రెండు సినిమాల్లోనూ నాయకుల పేర్లు వినపడవు, జెండాలు కనపడవు. దేశచరిత్ర తెర వెనకే ఉంటుంది, ఇంటి లోపల దాని పని అది చేసుకుపోతుంది. బెనెగల్ అసలు బలం ఇక్కడే ఉంది. శశి కపూర్ నిర్మించిన 'జునూన్' దీనికి గట్టి ఉదాహరణ. రస్కిన్ బాండ్ కథ ఆధారంగా తీసిన ఆ సినిమాలో కాలం 1857, ఊరు షాజహాన్‌పూర్. బయట సామ్రాజ్యం ఊగిసలాడుతుంటే కెమెరా ఎక్కువసేపు ఒక పఠాన్ ఇంటి జనానాలో ఉంటుంది. అక్కడ తలదాచుకున్న ఆంగ్లేయ తల్లీకూతుళ్లు, ఆ పిల్ల మీద మోజుపడి యుద్ధాన్నే మరిచిన ఇంటి యజమాని, అతణ్ని అసహ్యించుకునే తిరుగుబాటుదారుడైన బావమరిది, బెదిరిపోయిన భార్య. ఢిల్లీ పడిపోయిందన్న వార్త ఈ ఇంట్లోకి నసీరుద్దీన్ షా గొంతులో, పావురాల మీద విరుచుకుపడే కోపంలో వస్తుంది. కోట గోడలు కూలడం చూపించకుండానే ఓటమి ఎంత పెద్దదో తెలిసిపోతుంది.

'త్రికాల్' (1985) ఇంకా లోతైనది. ఆయన సినిమాల్లో దానికి రావలసినంత పేరు రాలేదు. 1961లో పోర్చుగీసు పాలన ముగియబోతున్న గోవా. లౌటోలిమ్‌లో కార్టూనిస్టు మారియో మిరాండా పూర్వీకుల ఇంట్లోనే తీశారు. రాత్రి సన్నివేశాలను అశోక్ మెహతా కొవ్వొత్తుల వెలుగులో చిత్రించారు. భర్త చనిపోయాడని ఒప్పుకోని పెద్దావిడ డోనా మరియా ఆత్మలను పిలిపిస్తుంది. భర్త రాడు. ఆ కుటుంబపు పూర్వీకులు పోర్చుగీసుల కొమ్ము కాసి అన్యాయం చేసిన తిరుగుబాటుదారుడు వస్తాడు. పరాయి పాలన దుర్మార్గం అని చెప్పడం సులువు. ఆ పాలన కింద బాగుపడిన మన ఇళ్ల లెక్క ఏమిటని అడగడం సులువు కాదు. భారత సైన్యం రాకను విముక్తి అన్న ఒక్క మాటతో సరిపెట్టకుండా, ఆ ఇంట్లో ఎవరికి అది విముక్తి, ఎవరికి ప్రపంచం కూలిపోవడం అన్నది విడివిడిగా చూపించారు. ఈ సినిమాకు ఉత్తమ దర్శకుడిగా జాతీయ అవార్డు వచ్చింది.

విభజన గురించి ఆయన చెప్పిన మాట 'మమ్మో' (1994). రైళ్ల నిండా శవాలు, తగలబడే ఊళ్లు ఇందులో ఉండవు. పాకిస్తాన్‌లో భర్త పోయి, బంధువులు వెళ్లగొట్టిన ఒక ముసలావిడ బొంబాయిలో అక్క ఇంటికి వస్తుంది. వీసా గడువు, పోలీస్ స్టేషన్ రిజిస్టర్, చేతికివ్వాల్సిన లంచం, ఒక రోజు తలుపు తట్టి రైలెక్కించే కానిస్టేబుళ్లు. విభజన 1947లో అయిపోలేదు, కాగితాల మీద ఇంకా జరుగుతూనే ఉందని ఫరీదా జలాల్ మొహం చూస్తే అర్థమవుతుంది. చివరికి ఆమె కనిపెట్టిన ఉపాయం, తాను చనిపోయినట్టు కాగితాల్లో రాయించుకుని అక్క దగ్గర ఉండిపోవడం. ఒక దేశపు పౌరురాలిగా బతకలేని మనిషి, లెక్కల్లో చచ్చిపోయాక ఇంట్లో బతికింది. విభజన మీద వేల పేజీల వాదన ఈ ఒక్క ఉపాయంలో ఇమిడిపోయింది.

జీవిత చిత్రాల దగ్గరికి వచ్చేసరికి చిక్కు మొదలవుతుంది. జాతి నాయకుడి మీద సినిమా అంటే డబ్బు పెట్టేవాళ్లకూ, కుటుంబాలకూ, అభిమానులకూ అందులో వాటా ఉంటుంది. వాళ్లెవరూ వాదన కోరుకోరు. 'ద మేకింగ్ ఆఫ్ ద మహాత్మా' (1996)లో బెనెగల్ దీన్ని చాలావరకు దాటగలిగారు. దక్షిణాఫ్రికా రచయిత్రి ఫాతిమా మీర్ పుస్తకం ఆధారంగా, భారత, దక్షిణాఫ్రికా సంస్థలు కలిసి నిర్మించిన సినిమా. గాంధీ 1893 నుంచి 1914 వరకు అక్కడ గడిపిన కాలానికే కట్టుబడింది. అంటే మహాత్ముడు కాకముందు మనిషి. తెలుగు, తమిళ జిల్లాల నుంచి చెరకు తోటల కూలీలుగా నేటాల్ వెళ్లినవారి కష్టం ఆయన్ని మార్చిన కాలం అది. రజిత్ కపూర్ గాంధీలో మొండితనం, అధికారం చెలాయించే మగవాడు కూడా కనిపిస్తారు. పల్లవి జోషి కస్తూర్బా అతనితో వాదిస్తుంది, ఏడుస్తుంది, లొంగదు. ఆమె ఎదురు మాట లేకపోతే ఆ సినిమా విగ్రహావిష్కరణ అయిపోయేది.

నేతాజీ మీద తీసి 2005లో విడుదల చేసిన 'బోస్: ద ఫర్గాటెన్ హీరో' మూడు గంటలకు పైగా నడుస్తుంది. గాంధీతో విభేదం దగ్గర కథ అందుకుంటుంది. ఈ విభేదానికి తెలుగువారితో గట్టి ముడి ఉంది. 1939 కాంగ్రెస్ అధ్యక్ష ఎన్నికలో బోస్ ఓడించింది పట్టాభి సీతారామయ్యనే. పట్టాభి ఓటమి తన ఓటమి అని గాంధీ అన్నారు. 1941 జనవరి రాత్రి కలకత్తా ఇంటి నుంచి తప్పించుకోవడం, కాబూల్, బెర్లిన్, 1943లో జలాంతర్గామిలో ప్రయాణం, సింగపూర్, ఇంఫాల్ అన్నీ ఉన్నాయి. జలాంతర్గామిలో బోస్ పక్కనున్న ఆబిద్ హసన్ హైదరాబాదీ. సచిన్ ఖేడేకర్ నటన నిండుగా ఉంది, ఏఆర్ రహమాన్ సంగీతం ఉంది. బోస్, ఎమిలీ షెంకెల్‌ల పెళ్లిని చూపించినందుకు బెంగాల్‌లో కొందరు గొడవ చేశారు. బెనెగల్ ఆ విషయంలో వెనక్కి తగ్గలేదు, అది ఆయన నిజాయితీ.

అయినా సినిమా ముప్పావు వంతు ప్రయాణమే. ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి, ఒక ఉపన్యాసం నుంచి ఇంకోదానికి. నాజీ జర్మనీ సహాయం తీసుకోవచ్చా అన్నది బోస్ జీవితంలో అన్నిటికంటే పదునైన ప్రశ్న. సినిమా దాన్ని ఎత్తింది, బోస్ ఇబ్బందిని కూడా చూపించింది. కానీ ఆయనకు ఎదురు నిలబడి గట్టిగా అడిగే కస్తూర్బా లాంటి మనిషి ఇక్కడ లేరు. చుట్టూ ఉన్నది అనుచరులే. అందువల్ల పరిశోధన ఎంత పక్కాగా ఉన్నా నాటకీయత పలచబడింది.

చివరి సినిమా 'ముజీబ్: ద మేకింగ్ ఆఫ్ ఎ నేషన్' (2023)లో ఈ బలహీనత పూర్తిగా బయటపడింది. కథానాయకుడు బంగ్లాదేశ్ స్థాపకుడు షేక్ ముజీబుర్ రహమాన్. భారత్, బంగ్లాదేశ్ ప్రభుత్వ చలనచిత్ర సంస్థలు కలిసి నిర్మించాయి. అప్పుడు ఢాకాలో ప్రధాని షేక్ హసీనా, అంటే కథానాయకుడి కూతురు. భాషా ఉద్యమం, 1970 ఎన్నికలు, 1971 యుద్ధం, 1975 ఆగస్టు 15న ధన్‌మండీ ఇంట్లో జరిగిన హత్యలు వరుసగా వస్తాయి. కుటుంబ సన్నివేశాల్లో పాత బెనెగల్ అక్కడక్కడా కనిపిస్తారు. ఆఖరి హత్యాకాండను చూడటం కష్టం. కానీ 1974 కరువు, 1975లో ముజీబ్ తెచ్చిన ఏకపార్టీ వ్యవస్థ గురించి బంగ్లాదేశ్ ప్రజల మధ్య ఉన్న అసలు వాదనకు ఉద్యమ ఘట్టాలకు దక్కినంత చోటు దక్కలేదు. సినిమా వచ్చిన పది నెలలకే, 2024 ఆగస్టు 5న, హసీనా దేశం విడిచిపోయారు. ముజీబ్ విగ్రహాలు కూలాయి, ధన్‌మండీ ఇంటికి నిప్పు పెట్టారు. ఆ కోపం ఎక్కడి నుంచి వచ్చిందో ఈ సినిమా చూసి తెలుసుకోలేం. 'నిశాంత్' తీసిన మనిషి సినిమాలో అది తెలియకపోవడం బాధ కలిగిస్తుంది. బెనెగల్ అదే ఏడాది డిసెంబర్ 23న, తొంభై నిండిన తొమ్మిది రోజులకు, ముంబైలో కన్నుమూశారు.

ప్రభుత్వ డబ్బు తీసుకోవడమే తప్పు అనుకుంటే అది తొందరపాటు. 'మంథన్'కు గుజరాత్ పాల రైతులు ఐదు లక్షల మంది తలా రెండు రూపాయలు వేసుకున్నారు, నిజమే. కానీ 'భారత్ ఏక్ ఖోజ్'కు డబ్బు దూరదర్శన్‌ది. ఆయన జాతీయ చరిత్రకు సంబంధించిన రెండో పెద్ద సీరియల్ 'సంవిధాన్' (2014) రాజ్యసభ టీవీ కోసం చేసినది. 2006 నుంచి 2012 వరకు నామినేటెడ్ సభ్యుడిగా కూర్చున్న సభ అది. అయినా అక్కడ ఆయన స్వభావానికి అచ్చంగా సరిపోయే ముడిసరుకు దొరికింది. రాజ్యాంగ సభ 1946 డిసెంబర్ నుంచి 1949 నవంబర్ దాకా చేసిన పనే వాదించుకోవడం. ప్రతి మాటా రికార్డయి ఉంది. షమా జైదీ, అతుల్ తివారీ ఆ రికార్డుల నుంచి పది ఎపిసోడ్లు రాశారు.

చూడటానికి అది సాదాసీదా టీవీ కార్యక్రమమే. ఒక హాలు, బెంచీలు, లేచి మాట్లాడి కూర్చునే మనుషులు. నిన్న బోస్‌గా నటించిన ఖేడేకర్ ఇక్కడ అంబేడ్కర్. భాష మీద ఉత్తరం, దక్షిణం తలపడతాయి. ఆస్తి హక్కు మీద జమీందారు ఒక మాటంటే సోషలిస్టు ఇంకో మాటంటాడు. మతాల వారీగా విడి ఓటర్లుండే ప్రత్యేక నియోజకవర్గాల మీద చర్చ వేడెక్కుతుంది. ఎవరూ వెధవలు కారు, ఎవరూ దేవుళ్లూ కారు. ఒకరి మాట విన్నప్పుడు అదే సరైనదనిపిస్తుంది, ఎదుటివాళ్లు లేచాక మళ్లీ ఆలోచించాల్సి వస్తుంది. సివిల్స్‌కు చదివే పిల్లలు దీన్ని ఇప్పటికీ యూట్యూబ్‌లో వెతుక్కుని చూస్తున్నారంటే కారణం సిలబస్ ఒక్కటే కాదు. చట్టంలో కనిపించే ప్రతి పొడి వాక్యం వెనక ఎంత గొడవ జరిగిందో అక్కడ మనుషుల రూపంలో కనిపిస్తుంది.

ఆ సభలో దుర్గాబాయి ఉన్నారు, పట్టాభి, ఎన్.జి. రంగా ఉన్నారు. నెల్లూరు జిల్లాలో పుట్టిన అల్లాడి కృష్ణస్వామి అయ్యర్ ముసాయిదా కమిటీలోనే ఉన్నారు. అందరూ మద్రాసు రాష్ట్రం వైపు వాళ్లు. బెనెగల్ పుట్టిన హైదరాబాద్ సంస్థానం నుంచి మాత్రం అక్కడ ప్రతినిధులు లేరు. పోలీస్ చర్య జరిగిన మరుసటి ఏడాది, 1949 నవంబర్‌లో, రాజ్యాంగాన్ని అంగీకరిస్తున్నట్టు నిజాం ఫర్మానాతోనే ఆ పని ముగిసింది. రజాకార్లు, కమ్యూనిస్టు దళాలు, భారత సైన్యం, మధ్యలో నలిగిన రెండు మతాల పల్లె జనం, ఇంతమంది ఉన్న, దేశ స్వాతంత్ర్యానికీ పోలీస్ చర్యకూ మధ్య నడిచిన ఆ పదమూడు నెలల మీద మాత్రం బెనెగల్ పూర్తి స్థాయి సినిమా తీయలేదు. 'నిశాంత్' 1945 దగ్గరే ఆగిపోయింది. ఆయన తీయగలిగినవాటిలో మనకు అన్నిటికంటే ఎక్కువగా కావాల్సిన సినిమా అదే.